నూటికి అరవై అన్నాడు, నేను వంద అని విన్నాను

2024 ఫిబ్రవరి 11, ఆదివారం. పొద్దున్నే నాన్న ఫోన్ చేశాడు. "పెద్ద బోరు గాలి కొడతాండాదిరా" అన్నాడు. ఆ మాటకు అర్థం మా వైపు చిన్న పిల్లాడికి కూడా తెలుసు. మోటారు తిరుగుతుంది, పైపులోంచి నీళ్లకు బదులు ఉస్సుమని గాలి వస్తుంది.

మాది ధర్మవరానికి ఇరవై కిలోమీటర్ల దూరంలో ఊరు. నాలుగెకరాల చీనీ (బత్తాయి) తోట. 2015లో పెట్టిన చెట్లు, మొత్తం 380. నేను బెంగళూరులో అకౌంట్స్ పని చేస్తాను, నెలకోసారి ఊరికి వెళ్తాను. 2023లో వానలు మోసం చేశాయి. మామూలు ఏడాదిలోనే మా వైపు పడేది 550 మిల్లీమీటర్లు, అందులోనూ కోత పడితే ఫిబ్రవరికే బావురుమంటుంది. రెండు బోర్లలో పెద్దది పోయింది. చిన్నదాంట్లో ముప్పావు ఇంచు వస్తోంది (బోరు నీళ్ల ధారను మా వైపు ఇంచుల్లో కొలుస్తారు), అదీ గంట నడిస్తే గంట ఆపాలి.

ఆ ఫిబ్రవరి నుంచి జూన్ దాకా మాకు జరిగింది ఇక్కడ రాస్తున్నాను. బోరు వేయించబోయేవాళ్లకు పనికొస్తుందని కొంత. అసలు తెలిసినవాళ్ల మాట అంటే ఏమిటి, దాన్ని మనం ఎలా వింటాం అన్నది నాకే ఇంకా పూర్తిగా తేలక కొంత.

నాన్న మొదటి మాటే "సామిని పిలుద్దాం" అని. సామి అంటే పక్క మండలంలో అరచేతిలో కొబ్బరికాయ పెట్టుకుని పాయింటు, అంటే బోరు ఎక్కడ వేయాలో, చూసే పెద్దాయన. నాకు నవ్వొచ్చింది, కాస్త చిరాకూ వేసింది. "టెంకాయకు తెలుస్తుందా నాన్నా భూమిలో ఏముందో? డబ్బు నేను పెడుతున్నాను కదా, సైన్సు ప్రకారం చేద్దాం" అన్నాను. డబ్బు మాట ఎత్తకుండా ఉండాల్సింది. నాన్న ఇంకేం మాట్లాడలేదు.

తెలిసినవాళ్ల ద్వారా ఒక జియాలజిస్టు నంబరు దొరికింది. భూగర్భ జలాల మీదే పని చేసి రిటైరైన మనిషి. ఆయనకు ఖాళీ దొరకడానికి రెండు వారాలు పట్టింది. ఈలోపు నాన్న గ్రామ సచివాలయంలో బోరు వేయడానికి వాల్టా చట్టం కింద పర్మిషన్‌కు కాగితాలు పెట్టుకున్నాడు.

ఫిబ్రవరి 25న సారు వచ్చాడు. పాత కారు, డిక్కీలో ఒక మీటరు పెట్టె, నాలుగు ఇనుప కడ్డీలు, వైరు చుట్టలు, ఒక సుత్తి. మా ఊరివాళ్లు నలుగురు గట్టు మీద కూర్చుని చూశారు. కడ్డీలు వరసగా భూమిలో దిగ్గొట్టాలి. బయటి రెండింటి గుండా కరెంటు పంపి, లోపలి రెండింటి దగ్గర కొలుస్తారు. కడ్డీల మధ్య దూరం పెంచుకుంటూ పోతే ఇంకా లోతు సంగతి తెలుస్తుంది. నేల ఎంత ఎండిపోయిందంటే కడ్డీకి మట్టి పట్టు దొరకలేదు. సారు అమ్మనడిగి బిందెడు ఉప్పు నీళ్లు కలిపించి, ప్రతి కడ్డీ మొదట్లో చెంబుడు పోయించాడు. నీళ్లు వెతకడానికి నీళ్లు పోయాల్సి వస్తుందని నేను అనుకోలేదు.

నాలుగు గంటలు పట్టింది. మూడు చోట్ల చూశాడు. చివరికి ఆగ్నేయం మూల ఒక చోట సున్నంతో గుర్తు పెట్టించి, చేతిరాతతో ఒక కాగితం ఇచ్చాడు. 180 నుంచి 210 అడుగుల మధ్య రాయిలో ఒక పగులు, 380 నుంచి 420 మధ్య ఇంకొకటి ఉండొచ్చు, 450 దాటి పోవద్దు అని ఉంది అందులో. ఫీజు ఐదు వేలు, పెట్రోలుకు వెయ్యి.

కారెక్కేముందు నేనడిగాను. "పడతాయి కదా సార్?"

"నూటికి అరవై. మహా అయితే అరవై ఐదు."

తలూపాను. కారు మలుపు తిరిగిందో లేదో నాన్న దగ్గరికొచ్చి "సారు ఏమంటాండాడు?" అనడిగాడు. "తప్పకుండా పడతాయంట" అన్నాను.

ఇది నేను అబద్ధం చెప్పాలని చెప్పింది కాదు. ఆ క్షణంలో నాకు నిజంగా అలాగే వినపడింది. కాగితం మీద గీతలున్నాయి, మీటరుంది, మనిషి ఇన్నేళ్లు ఇదే పని చేశాడు. అరవై అనేది ఏదో మర్యాదకు తగ్గించి చెప్పిన మాట అనుకున్నాను.

బండి దొరకడం ఇంకో కథ. ఎండాకాలం ముంచుకొస్తుంటే అందరికీ ఒక్కసారే బోరు కావాలి. ధర్మవరంలో ఏజెంటు ఈ రోజు, రేపు అంటూ పది రోజులు తిప్పాడు. మార్చి 8న రాత్రి పదకొండు గంటలకు రెండు లారీలు తోటలోకి వచ్చాయి, ఒకదాని మీద రిగ్గు, ఒకదాని మీద కంప్రెసరు. ఆ రోజు శివరాత్రి. అమ్మ ఉపవాసం, అందరం ఎలాగూ జాగారం. చక్రాల కింద నిమ్మకాయలు పెట్టి, బండికి పసుపు కుంకుమ పెట్టి, కొబ్బరికాయ కొట్టాం. రేటు ముందే మాట్లాడుకున్నాం. 300 అడుగుల దాకా అడుగుకు 95, ఆపైన వందకు 105, ఆ తర్వాత వందకు 115, అలా లోతు పోయేకొద్దీ పెరుగుతుంది. కేసింగ్ అడుగుకు 400 వేరే.

పదకొండు నలభైకి రిగ్గు సుత్తి దిగింది. నలభై అడుగులకు రాయి తగిలింది, రెండు పైపులు కేసింగ్ దించారు. అక్కడి నుంచి తెల్లటి దుమ్ము. చీనీ ఆకులు, గట్టు, మా మొహాలు అన్నీ పిండి చల్లినట్టు తెల్లబడ్డాయి. పక్కనున్న మనిషి చెవిలో అరిస్తే తప్ప వినపడదు.

190 దగ్గర దుమ్ము ఆగింది.

ఇది చూసినవాళ్లకే తెలుస్తుంది. అంతసేపూ ఎగజిమ్ముతున్న దుమ్ము ఒక్కసారిగా తగ్గి, రాళ్ల పొడి ముద్దలు ముద్దలుగా వచ్చి పడుతుంది. తడి తగిలిందన్నమాట. నాన్న పరిగెత్తి ఒక ముద్ద తీసి పిండి చూశాడు. గోధుమ రంగు మట్టి, జిగటగా ఉంది. సారు చెప్పిన లోతే! నేను ఫోన్ లైటు వేసి కాగితం చూపిస్తున్నాను, చూడు నాన్నా, 180 నుంచి 210. రెండు రాడ్లు దిగేసరికి మళ్లీ దుమ్ము. తడి పోయింది.

400 దగ్గర నల్లరాయి. 420 దాటింది, ఏమీ లేదు. 450కి డ్రిల్లరు బండి స్లో చేసి నా వైపు చూశాడు. తమిళనాడు మనిషి, మా యాస తెలుగు మాట్లాడతాడు. "ఏం చేద్దాం సార్? ఇంకో వంద చూద్దామా?"

కాగితంలో 450 దాటొద్దని ఉంది. టైం మూడున్నర. సారుకు ఫోన్ చేశాను, ఎత్తలేదు. ఆ టైంలో ఎవరెత్తుతారు! నాన్న మొహం చూశాను. అడుగుల లెక్కే దాదాపు నలభై ఐదు వేలు పోయాయి, ఇంకో పది వేలకు ఏమైనా తగులుతుందేమో అనిపించింది. "వెయ్యండి" అన్నాను. 550కి మళ్లీ అడిగాడు, మళ్లీ అదే మాట. 620 దగ్గర నాన్నే చేయెత్తి ఆపమన్నాడు. తెల్లారిపోయింది.

అడుగుల లెక్క 66,400. కేసింగ్ 16,000. పైపులు వెనక్కి లాగితే ఒకటే వచ్చింది, ఇంకోటి ఇరుక్కుపోయింది. 8,000 తగ్గించి 74,400 చేతిలో పెట్టాను. వాళ్లు వెళ్లాక నాన్న పెద్ద రాయి దొర్లించుకొచ్చి బోరు మూతి మీద పెట్టి, చుట్టూ మట్టి తోశాడు. పిల్లలు పడకుండా. సాయమడిగితే "నువ్వు పోయి పడుకో" అన్నాడు. తిట్టినా బాగుండేది.

పది గంటలకు సారే ఫోన్ చేశాడు. నేను చాలా మాటలన్నాను. అన్నీ విని, నిదానంగా "నేను అరవై అన్నాను కదండీ" అన్నాడు. అప్పుడు ఒళ్లు మండింది. ఇప్పుడు తలుచుకుంటే ఆ మొత్తం వ్యవహారంలో ఉన్నదున్నట్టు చెప్పిన మాట అదొక్కటే.

రాయి పగుళ్లలో నీళ్లున్నా, జిగట మట్టి నిండినా మీటరు దాదాపు ఒకేలా చూపిస్తుందట. మాకు 190 దగ్గర తగిలింది ఆ మట్టే. "ఈ సంగతి ముందే చెప్పొచ్చు కదా సార్" అన్నాను. "చెప్తే బోరు వేయడం మానేవారా?" అన్నాడు. జవాబు లేదు. ఇంకో మాట అడిగాను, అకౌంట్స్ బుద్ధి. "మీరు పెట్టిన పాయింట్లలో ఎన్నింటికి నీళ్లు పడ్డాయో లెక్కుందా సార్?" కొంచెం సేపు ఆగి, "పడనివాళ్లే ఫోన్ చేస్తారండీ. పడినవాళ్లు మర్చిపోతారు" అన్నాడు. అంటే ఆ అరవై కూడా లెక్క వేసి చెప్పింది కాదు. అనుభవం మీద వేసిన అంచనా.

ఇక సామి వంతు. కాదనే మొహం నాకు లేదు. మార్చి 24న వచ్చాడు. సన్నగా, తెల్ల పంచెతో, చాలా మర్యాదగా మాట్లాడే మనిషి. మోసగాడైతే నాకు సుఖంగా ఉండేది, కానీ ఆయన తన విద్యను మనస్ఫూర్తిగా నమ్ముతాడు. రాగానే టెంకాయ తీయలేదు. ముందు గట్టు మీద నిలబడి చుట్టూ చూశాడు. పుట్టలెక్కడున్నాయి, వేపచెట్టు ఎటు ఒరిగింది, పక్క తోటలో బోరెక్కడ, అది ఎన్నడుగులు, వంక (వాగు) ఏ వైపు పారేది అని నాన్నని ఒక్కొక్కటీ అడిగాడు. అరగంట ఇదే. ఆ ప్రశ్నలన్నీ సరైన ప్రశ్నలే. జియాలజిస్టు సారు అందులో సగం కూడా అడగలేదు.

తర్వాత చెప్పులు విడిచి, పీచు జుట్టు వేళ్ల వైపుకు వచ్చేలా అరచేతిలో టెంకాయ పడుకోబెట్టుకుని నడిచాడు. పడమటి గట్టుకు పదడుగుల ఇవతల టెంకాయ నిటారుగా లేచి నిలబడింది. చూస్తుంటే ఒళ్లు జలదరిస్తుంది, నిజం చెప్పాలి. నాన్న అక్కడ రాయి పెట్టాడు.

అందరూ కాఫీకి ఇంట్లోకి వెళ్లాక నేను ఆ రాయి తీసి, గుర్తు చెరిపేశాను. సామి బయటికొచ్చాక "ఇంకోసారి అటు నుంచి నడిచి చూపిస్తారా, వీడియో తీసుకుంటాను" అన్నాను. సంతోషంగా నడిచాడు. టెంకాయ లేచింది. మొదటి చోటుకు నలభై అడుగుల అవతల. నేను ఆ మాటంటే నొచ్చుకోలేదు. "ధార పోతాంటుంది నాయనా, దాని మీద యాడైనా నిలబడుతుంది" అన్నాడు. దానికి మనం ఏం చెప్పగలం? నలభై అడుగుల సంగతి నాన్నకు చెప్పలేదు. పాయింటు మొదటి చోటే ఖాయం చేశారు.

"ఎన్నడుగుల్లో సామీ?" అంటే "నాలుగొందల లోపల ఖచ్చితంగా" అన్నాడు. అరవై, అరవై ఐదు లాంటి మాటలేం లేవు. నాన్న మొహంలో నెల రోజుల తర్వాత వెలుగు చూశాను. అప్పటికి 1,116 ఇచ్చాం. నీళ్లు పడితే ఇంకో ఐదు వేలు, పడకపోతే అక్కర్లేదు. పని చేస్తేనే డబ్బు అంటే ఎంత న్యాయంగా ఉంటుంది వినడానికి! బెంగళూరు రైల్లో కూర్చుని లెక్కేశాను. పడితే ఆయనకు ఐదు వేలు, పేరు. పడకపోతే ఆయనకు పోయేది ఒక పూట. మనకు పోయేది బోరు. పైగా పడకపోతే ఊళ్లో ఎవరూ సామిని అనరు, "మన రాత" అంటారు.

ఆ రైల్లోనే ఫోన్‌లో వెతికితే జర్మనీ సంగతి ఒకటి కనపడింది. 1980ల చివర మ్యూనిక్ దగ్గర ఒక కొట్టంలో, కింది అంతస్తులో నీళ్ల పైపును అటూ ఇటూ జరుపుతూ, అదెక్కడుందో పై అంతస్తు నుంచి చెప్పమన్నారట. ఐదు వందల మందికి పరీక్ష పెట్టి, ఏరి ఏరి 43 మందిని తీసుకుని 843 సార్లు చేశారు. చేసినవాళ్లేమో కొద్దిమందికి నిజంగా శక్తి ఉందని తేల్చారు. తర్వాత ఇంకో శాస్త్రవేత్త అవే అంకెలు ముందేసుకుని, ఇదంతా గుడ్డిలెక్కన తగిలినదానికంటే ఎక్కువ కాదన్నాడు. అంకెలు అవే, చదువుకున్నవాళ్లూ ఇద్దరూ. నాన్నకు చూపిద్దామనుకుని ఊరుకున్నాను.

ఉగాది ఏప్రిల్ 9న. పండగ లోపల నీళ్లు చూడాలని నాన్న పట్టుదల. ఏప్రిల్ 6 రాత్రి బండి వచ్చింది, అదే బండి, అదే డ్రిల్లరు. ఈసారి 340 దగ్గర తడి, 370కి నీళ్లు ఎగజిమ్మాయి. అమ్మ ఏడ్చేసింది. నాన్న ఆ బురద నీళ్లు దోసిట్లో పట్టి నెత్తిన చల్లుకున్నాడు. 410 దాకా వేసి ఆపాం. రేకు పెట్టి కొలిచి ఇంచుంపావు అన్నాడు డ్రిల్లరు. ఖర్చు 40,150, కేసింగ్ 16,000. పొద్దున ఎనిమిదికల్లా నాన్న సామి ఇంటికెళ్లి ఐదు వేలు, పంచె, టెంకాయ ఇచ్చి వచ్చాడు.

అసలు విషయం ఆ రాత్రి టీ దగ్గర తెలిసింది. రాడ్లు పైకి తీస్తుంటే డ్రిల్లరు నా పక్కన కూర్చుని ఒక పుస్తకం తీసి రాసుకుంటున్నాడు. గ్రీజు మరకలతో మూలలు నల్లబడ్డ లాంగ్ నోట్‌బుక్. ఊరు, తేదీ, కేసింగ్ ఎన్నడుగులు, ఎక్కడ గ్యాప్ తగిలింది, ఎన్ని ఇంచులు, మొత్తం లోతు. రాయిలో పగులును వాళ్లు గ్యాప్ అంటారు. నాలుగేళ్లుగా ఎండాకాలమంతా మా చుట్టుపక్కలే తిరుగుతున్నాడట. అడిగి తీసుకుని తిరగేశాను. మా ఊరి పేరు చాలాసార్లు ఉంది. ఐదు వందలు దాటిన వరసల్లో చివరి గడిలో దాదాపు ప్రతిసారీ ఒకటే అక్షరం, "ఫె". ఫెయిల్.

"మీ ఊళ్లో వంకకు ఇటుపక్క నాలుగొందలు దాటితే ఏం లేదు సార్" అన్నాడు, టీ ఊదుకుంటూ.

"మరి శివరాత్రి నాడు 620 దాకా ఎందుకు వేశావు?"

నవ్వాడు. "మీరే కదా సార్ వెయ్యమన్నది."

నిజమే, నేనే అన్నాను. ఇంకో వంద చూద్దామా అన్నది అతను, అదీ నిజమే. అతని కూలి అడుగుల మీద. మా నేల గురించి అందరికంటే ఎక్కువ తెలిసిన మనిషి మా తోటలోనే రాత్రంతా నిలబడ్డాడు. అతన్ని ఎవరూ పాయింటు అడగలేదు. అతనూ తనంతట చెప్పలేదు. చెప్తే అతనికి నష్టం.

పాత బోరులోని మోటారు తీసి కొత్తదాంట్లో దించాం, క్రేనుకు మూడు వేలు. పన్నెండు రోజులు బాగా నడిచింది. పదమూడో రోజు నీళ్లు సన్నబడ్డాయి. ఏప్రిల్ 26కి పావుగంట నడిస్తే గాలి కొట్టడం మొదలైంది. ఆ పగుల్లో నిలవున్న నీళ్లు తోడేశాం, కొత్తగా ఊరేది లేదు. కానీ ఊళ్లో లెక్క మారలేదు. సామి పాయింటుకు నీళ్లు పడ్డాయి, అంతే. నాన్న కూడా ఇప్పటికీ "సామి చెప్పినట్టే పడ్డాయి కదరా, కరువుకు ఎండిపోయినాయి" అంటాడు. సారు పాయింటుకు పడలేదు. ఆ రెండో బోరు పక్కన నిలబడితే నాకు మాత్రం రెండూ ఒకటే.

మే మొదటి వారంలో సెలవు పెట్టి ఇంట్లో ఉన్నాను. ఊరికే కూర్చోలేక పుస్తకం పట్టుకుని తోటలన్నీ తిరిగాను. ఎవరి బోరు ఎన్నడుగులు, ఎవరు పాయింటు పెట్టారు, ఇప్పుడు నీళ్లున్నాయా. ఇక్కడే ఒక తమాషా. ప్రతి ఇంట్లోనూ అడిగితే రెండో మూడో చెప్తారు. తోటలోకి వెళ్తే రాళ్లు మూసిన మూతులు ఇంకో రెండు కనపడతాయి. "అదా, అది లెక్కలోకి రాదులే" అంటారు. ఒక పెద్దాయన సామి గురించి గొప్పగా చెప్తూ చెప్తూ, ఒక మూత రాయి మీదే కూర్చున్నాడు. అదెవరి పాయింటని అడిగితే, కాసేపు తల గోక్కుని, "సామిదే" అన్నాడు. ఆయన దాచలేదు, నిజంగానే మర్చిపోయాడు. మా నాన్న శివరాత్రి బోరును ఎప్పటికీ మర్చిపోడు, ఎందుకంటే అది నేను పిలిపించిన సారుది.

మూడు రోజుల్లో ఇరవై దాకా రాసుకున్నాను. ఇంత చిన్న లెక్కతో ఎవరు గొప్పో తేల్చలేం, నేను తేల్చలేదు. టెంకాయ, మీటరు, ఊరికే తోచిన చోట తవ్వినవి, మూడు రకాల్లోనూ పోయినవే ఎక్కువ. ఒక్కటి మాత్రం కళ్లకు కట్టింది. ఇప్పటికీ నీళ్లున్నవన్నీ చెరువులోకి పారే పాత వంకకు దగ్గరగా ఉన్నాయి, మూడొందల అడుగుల లోపలే ఉన్నాయి.

ఆ పుస్తకంతో మళ్లీ సారుకే ఫోన్ చేశాను. అమ్మ ఆశ్చర్యపోయింది. నాకే సరిగ్గా తెలీదు ఎందుకు చేశానో. తిట్టిన మర్నాడు కూడా ఫోన్ ఎత్తిన మనిషి కదా అనిపించింది. మే 5న వచ్చాడు. ఈసారి మీటరు పెట్టె దించలేదు. వరండాలో కూర్చుని నా పుస్తకం పేజీ పేజీ చూశాడు, అరగంట పైనే. రెండు చోట్ల వేలు పెట్టి, ఈ కేసింగ్ లోతు సరిగ్గా రాశారా అని అడిగాడు. తర్వాత తోటలో ఒక చుట్టు తిరిగొచ్చాడు.

"ఇప్పుడు వేయొద్దు" అన్నాడు.

నాన్న అర్థం కానట్టు చూశాడు.

"మీ పొలం వంకకు దూరం. పై పొరలో నీళ్లు లేవు. వాన పడేదాకా ఎక్కడ వేసినా ముప్పైకి మించి చెప్పలేను. ఆ డబ్బుతో ట్యాంకర్లు తోలించుకోండి. అన్ని చెట్లనూ బతికించాలని చూస్తే అన్నీ పోతాయి. సగం వదిలేయండి."

రెండు వేలు తీసుకున్నాడు. ఆయన వెళ్లాక నాన్న "వద్దని చెప్పడానికి ఇంత దూరం రావాల్నా? దానికి రెండు వేలా?" అన్నాడు. ఆ రాత్రి సరిగా తినలేదు. 380 చెట్లలో ఏ సగం? తొమ్మిదేళ్లు పెంచిన చెట్లు. మర్నాడు పొద్దున చూస్తే నాన్న చేతిలో సున్నం డబ్బా, చిన్న బ్రష్షు. ఒక్కో చెట్టు దగ్గరా ఆగి, కొమ్మ వంచి, ఆకు నలిపి చూసి, బతికించాల్సిన దానికి మొదట్లో తెల్ల చుక్క పెడుతున్నాడు. ఏ చెట్టు దగ్గరా నన్ను ఏమీ అడగలేదు, నేనూ చెప్పలేదు. ఆ పని నాన్నకు తెలిసినట్టు ఏ సారుకూ తెలీదు. మధ్యాహ్నానికి 200 చుక్కలు తేలాయి.

మే 8 నుంచి రోజు విడిచి రోజు నాలుగు ట్యాంకర్లు, ఒక్కోటి ఐదు వేల లీటర్లు, 700 రూపాయలు. 13న ఎన్నికల పోలింగు, ఆ రోజుల్లో ట్రాక్టర్లు దొరకడం గగనమైంది. రాత్రి పన్నెండుకు వస్తామంటే లేచి కూర్చునేవాళ్లం. మొదళ్ల చుట్టూ వేరుశనగ పొట్టు పరిచాం. చుక్క లేని చెట్ల వైపు అమ్మ నడవడం మానేసింది. జూన్ మొదటి వారంలో వాన పడింది. మొత్తం 56 ట్యాంకర్లు, 39,200.

చుక్క పెట్టిన 200లో 187 బతికాయి. చుక్క లేనివాటిలో 27 వాటంతటవే చిగురేశాయి. అవి ఎలా బతికాయో సారు చెప్పలేడు, నాన్న చెప్పలేడు. మొత్తం ఖర్చు, సర్వే నుంచి సామి దాకా, బోర్లు, ట్యాంకర్లు అన్నీ కలిపి 1,86,866. అందులో నీళ్లకు పెట్టింది ట్యాంకర్ల డబ్బే.

అక్టోబరులో ఊరెళ్తే పక్క తోట చిన్నాన్న వచ్చాడు. వచ్చే ఎండాకాలానికి ముందే బోరు వేయించాలట. నా పుస్తకం సంగతి విన్నాడు.

"ఆ సారు పాయింటు పెడితే నీళ్లు పడతాయంటావా?"

"నీ పొలం వంక పక్కనే కదా చిన్నాన్నా, సారు యాభై, అరవై అనొచ్చు."

"మిగతా నలభై?"

"పడవు."

"మరి సామి?"

"ఆయన్నడిగితే ఖచ్చితంగా పడతాయంటాడు."

చిన్నాన్న గట్టు మీద కూర్చుని బీడీ ముట్టించాడు. సగం కాల్చేదాకా మాట్లాడలేదు.

"అయితే సామి నంబరు ఇయ్యి" అన్నాడు.

ఇచ్చాను. కింద డ్రిల్లరు నంబరు కూడా రాసి, అతని దగ్గరున్న పుస్తకం ముందు చూడమని చెప్పాను. చూస్తాలే అన్నాడు.